గ్రెనేడ్ పిన్ను పళ్ళతో పీకొచ్చా? అసలు ఈ రోజుల్లో కూడా చేత్తో బాంబు విసరడం ఏంటి?

సందేహాల సుబ్బడు:

అందరికీ నమస్తే. రాత్రి ఓ పాత యుద్ధం సినిమా చూశా, అప్పట్నుంచి బుర్రలో ఇదే తిరుగుతోంది. హీరో పళ్ళతో పిన్ను పీకి తుపుక్కున ఉమ్మేసి గ్రెనేడ్ విసురుతాడు, అవతల పెట్రోల్ ట్యాంకర్ పేలినంత మంట, పదిమంది గాల్లో పల్టీలు. మా తమ్ముడు పక్కన కూర్చుని అదంతా ఉత్తిదే అన్నయ్యా అంటాడు గానీ, మరి నిజం ఏంట్రా అంటే వాడికీ తెలీదు.

దాంతో పాటు ఇంకో పెద్ద డౌట్. అల్లంత దూరాన ఉన్న మనిషిని కొట్టే రైఫిళ్ళు ఉన్నాయి, మిసైళ్ళు ఉన్నాయి, డ్రోన్లు ఉన్నాయి, ఇన్ని పెట్టుకుని సైనికుడు ఇంకా ఒంటికి గుండ్లు తగిలించుకుని పిల్లలు మామిడికాయల మీదకి రాయి విసిరినట్టు విసరడం ఏంటి? ఇది ఎప్పుడు మొదలైంది, ఇప్పటిదాకా ఎందుకు పోలేదు? తెలిసినవాళ్ళు తీరిగ్గా చెప్పండి. లింకులు పడేసి వెళ్ళిపోకండి ప్లీజ్.

పాత కాగితాలు:

సుబ్బు బ్రో, నీ రెండో ప్రశ్నకి ముందు చెప్తా. తూటా తిన్నగా పోతుంది, గ్రెనేడ్ పైకి లేచి అవతల పడుతుంది. అంతే విషయం. గోడ చాటున ఉన్నోడిని, గుంతలో తల దించుకుని కూర్చున్నోడిని ఎంత మంచి రైఫిలైనా ఏం చెయ్యలేదు. ఇది పట్టుకుంటే దీని చరిత్ర అంతా తేలిగ్గా అర్థమవుద్ది, ఎందుకంటే జనం గుంతల్లోకి, గోడల వెనక్కి దూరిన ప్రతిసారీ గ్రెనేడ్ తిరిగొచ్చింది, మైదానంలో ఎదురెదురుగా నిలబడి కొట్టుకున్న ప్రతిసారీ మూలన పడింది.

మొదట్లో మట్టి కుండలు. బైజాంటిన్ (తూర్పు రోమన్) సామ్రాజ్యం వాళ్ళ దగ్గర గ్రీక్ ఫైర్ అని మండే ద్రవం ఒకటి ఉండేది, దాన్ని చిన్న చిన్న మట్టి కూజాల్లో పోసి విసిరేవాళ్ళు, ఆ కూజాలు ఇప్పటికీ మ్యూజియంలలో ఉన్నాయి. చైనాలో సాంగ్ వంశం కాలానికి మందుగుండు వచ్చేసింది, 1044 నాటి వాళ్ళ సైనిక గ్రంథంలో మందుగుండు బాంబుల సంగతి ఉంది. పేరు మాత్రం యూరప్ లో వచ్చింది, ఫ్రెంచ్ లో గ్రెనేడ్ అంటే దానిమ్మకాయ. గుండ్రంగా ఉంటుంది, లోపల గింజలు గింజలుగా నిండి ఉంటుంది, పగిలితే చిందుతుంది, భలే పెట్టారు కదా పేరు.

1600ల్లో యూరప్ యుద్ధాలంటే సగం కోట ముట్టడులే. అప్పటి గ్రెనేడ్ అంటే బోలు ఇనుప గుండు, లోపల నల్లమందు, పైన ఒత్తి. కిలో పైనే బరువు. ఒత్తి ముట్టించి సరైన టైమ్ కి విసరాలి, త్వరగా విసిరితే అవతలోడు తిరిగి విసిరేస్తాడు, ఆలస్యం చేస్తే నీ చేతిలోనే పోతుంది. అందుకే పొడుగ్గా దిట్టంగా, గుండె ధైర్యం ఉన్నోళ్ళని ఏరి ఈ పని ఇచ్చారు, వాళ్ళే గ్రెనేడియర్లు. ఫ్రాన్స్ లో 14వ లూయీ 1667లో ఈ ఏర్పాటు మొదలుపెట్టాడు, ఇంచుమించు పదేళ్ళకి ఇంగ్లండ్ కూడా పట్టుకుంది. వాళ్ళ టోపీలు చూశారా, పొడుగ్గా కోన్ లాగా ఉంటాయి? వెడల్పు అంచు టోపీ అయితే విసిరేటప్పుడు చేతికి అడ్డం వస్తుందని అలా పెట్టారంటారు.

తమాషా ఏంటంటే 1700ల మధ్యకి వచ్చేసరికి యుద్ధం అంటే వరసలు కట్టి తుపాకులు కాల్చుకోవడం అయిపోయింది, ముప్పై గజాలు విసిరే గుండు అక్కడ దేనికి పనికొస్తుంది? దాంతో గ్రెనేడ్ పోయింది. గ్రెనేడియర్ మాత్రం పోలేదు! ఎత్తుగా ఉన్న ఎలైట్ సైనికులుగా ఆ పేరు, ఆ టోపీ, ఆ దర్జా అలాగే ఉండిపోయాయి, చేతిలో గ్రెనేడ్ తప్ప. మన ఆర్మీలో గ్రెనేడియర్స్ రెజిమెంట్ కూడా ఆ పరంపరే, 1779 దాకా వెనక్కి లెక్కపెడతారు, బ్యాడ్జి మీద మండుతున్న గ్రెనేడ్ ఉంటుంది. వేరే రెజిమెంట్లలో సిపాయి అనే ర్యాంకుని ఇక్కడ గ్రెనేడియర్ అనే అంటారు. కార్గిల్ లో టైగర్ హిల్ మీద పరమవీర చక్ర వచ్చిన యోగేంద్ర సింగ్ యాదవ్ ఉన్నాడే, 18 గ్రెనేడియర్స్, అప్పటికి 19 ఏళ్ళ కుర్రాడు, ర్యాంకు గ్రెనేడియర్. ఒళ్ళంతా తూటాలు తగిలి కూడా పాకుతూ వెళ్ళి బంకర్లోకి వేసింది కూడా గ్రెనేడే.

మిగతాది రాత్రికి రాస్తా, ఇప్పుడు ఆఫీసు.

డ్రోన్ బాబాయ్:

ఇదంతా బాగుంది గానీ ఈ రోజుల్లో గ్రెనేడ్ అనేది మ్యూజియం ఐటమ్ అండి. యుక్రెయిన్ వీడియోలు చూడట్లేదా, మొత్తం డ్రోన్లే. చేత్తో విసిరేంత దగ్గరకి ఎవడు వస్తాడు అసలు.

రిటైర్డ్ హవల్దార్:

నేను 17 ఏళ్ళు ఆర్మీలో చేసి వచ్చాను, యూనిట్ అవీ అడగొద్దు. పిన్ను సంగతి చెప్తాను బాబూ.

పళ్ళతో పీకితే పన్నే వస్తుంది. పిన్ను చివర్లు విడదీసి వంచి ఉంటాయి, పొదల్లో తట్టుకుని ఊడిపోకుండా. చేత్తో తిప్పుతూ గట్టిగా లాగాలి. సినిమా హీరోలకి ఏం పళ్ళో గానీ మాకు మాత్రం చేతులే గతి.

రెండోది, పిన్ను తీయగానే పేలదు. పక్కన లివర్ ఉంటుంది, అది అరచేతికి ఆనించి పట్టుకున్నంతసేపు ఏం కాదు. చెయ్యి వదిలాక స్ప్రింగ్ దెబ్బకి లివర్ ఎగిరిపోయి లోపల ఫ్యూజు అంటుకుంటుంది, అక్కడి నుంచి నాలుగు సెకన్లు అటూ ఇటూ. నాలుగు సెకన్లు అంటే ఎంతో తెలుసా, నా పేరు ఇంటిపేరుతో సహా చెప్పేలోపు అయిపోద్ది.

ట్రైనింగ్ లో ముందు రోజుల తరబడి డమ్మీలు విసిరిస్తారు, భుజం పట్టేసేదాకా. క్రికెట్ బౌలింగ్ లాగ చెయ్యి పూర్తిగా తిప్పి వెయ్యాలి, ఎందుకంటే బంతిలాగా తేలిక కాదు, అర కిలో పైన ఇనుము. తర్వాత లైవ్. విసరడానికి గోడలు కట్టిన చిన్న గూడు, బే అంటాం, అందులో నువ్వూ ఉస్తాదూ (ట్రైనింగ్ ఇచ్చేవాడు) ఇద్దరే ఉంటారు. మా బ్యాచ్ లో ఒక కుర్రాడు పిన్ను లాగి బిగుసుకుపోయాడు, చెయ్యి లేవట్లేదు, చెమటలు. ఉస్తాద్ కేకలేస్తాడేమో అనుకున్నాం మేము వెనక. ఆయన ఏం అనలేదు, తన రెండు చేతులూ వాడి పిడికిలి మీద వేసి గట్టిగా పట్టుకుని, మెల్లగా ఇంట్లో వాళ్ళతో మాట్లాడినట్టు మాట్లాడాడు. నిమిషం తర్వాత విసిరాడు వాడు. బాగానే విసిరాడు కూడా. రోజూ మమ్మల్ని బండబూతులు తిట్టే మనిషి ఆయనే, అందుకే నాకు ఇప్పటికీ గుర్తు.

ఇంక మంట. మంట ఉండదు. ధన్ మని నేల అదిరే చప్పుడు, బూడిద రంగు పొగ, మట్టి. కళ్ళకి చూడ్డానికి ఏమీ లేదు, సినిమాకి అస్సలు పనికిరాదు. చంపేది ముక్కలు, అవి కంటికి కనపడవు. మనుషులు గాల్లోకి ఎగరడం అవీ ఉండవు, ఉన్నచోటే కూలిపోతారు.

విసిరింది పేలకపోతే దాన్ని బ్లైండ్ అంటాం. అప్పుడు రేంజ్ మొత్తం ఆగిపోతుంది, వెంటనే ఎవరూ దగ్గరికి పోరు, టైమ్ ఇచ్చి తర్వాత దాని పని తెలిసినవాళ్ళు వెళ్ళి ఉన్నచోటే పేల్చేస్తారు. పాత యుద్ధాల గ్రెనేడ్లు పొలాల్లో దొరికినా ఇదే రూలు, తుప్పు పట్టింది కదా అని ముట్టుకోకూడదు, పోలీసులకి చెప్పాలి.

డ్రోన్ బాబాయ్ గారూ, దగ్గరకి ఎవడు వస్తాడు అన్నారు. ఒక ఇంట్లో ఇద్దరు టెర్రరిస్టులు దూరి తలుపేసుకుంటే ఏం చేస్తారు సార్, బయట నిలబడి కబుర్లు చెప్తారా?

పాత కాగితాలు:

వచ్చా. హవల్దార్ గారికి సెల్యూట్, ఆ ఉస్తాద్ సంగతి అదుర్స్.

ఎక్కడ ఆపాను? గ్రెనేడ్ మూలన పడింది దగ్గర. మధ్యలో అమెరికా అంతర్యుద్ధంలో కెచమ్ గ్రెనేడ్ అని ఒకటి వచ్చింది, ముక్కు నేలకి తగిలితేనే పేలేది, ముక్కే ముందు తగలాలని వెనకాల అట్ట రెక్కలు. 1863లో పోర్ట్ హడ్సన్ ముట్టడిలో లోపల ఉన్న కాన్ఫెడరేట్ (దక్షిణాది) వాళ్ళు ఏం చేశారంటే దుప్పట్లు పరిచి పట్టుకున్నారు, మెత్తగా పడింది కాబట్టి పేల్లేదు, తీసి మళ్ళీ విసిరినోళ్ళ మీదకే విసిరేశారు. అంత బుర్ర పెట్టి చేసిన ఆయుధం కన్నా దుప్పటి గొప్పదైంది అక్కడ.

అసలు మలుపు 1904-05 రష్యా జపాన్ యుద్ధం. పోర్ట్ ఆర్థర్ ముట్టడిలో రెండు వైపులా కందకాలు తవ్వుకుని కూర్చున్నారు, మళ్ళీ గ్రెనేడ్ కావాల్సొచ్చింది, అక్కడికక్కడే దొరికినవాటితో చేసుకున్నారు. అది చూసిన బ్రిటిష్ వాళ్ళు 1908లో ఒకటి తయారు చేశారు, దాని కథ చెప్తే నవ్వుతారు. 16 అంగుళాల పేము కర్ర పిడి, వెనకాల గుడ్డ తోక, దేనికైనా కొట్టుకుంటే పేలుతుంది. మైదానంలో ఓకే. కానీ 1914లో ఇరుకు ట్రెంచ్ (కందకం) లోకి దిగాక విసరడానికి చెయ్యి వెనక్కి తిప్పితే ఆ కర్ర పుణ్యాన వెనక గోడకి తగిలేది, ఇంక చెప్పేదేముంది.

అప్పుడు ఎవరి దగ్గరా సరిపడా సరుకు లేదు, బ్రిటిష్ సైనికులు జామ్ డబ్బాలతో సొంతంగా చేసుకుని నెట్టుకొచ్చారు. టర్కీలోని గల్లిపోలీలో కొన్నిచోట్ల ఎదురెదురు ట్రెంచ్ ల మధ్య దూరం మనం గదిలో ఈ మూల నుంచి ఆ మూలకి ఉన్నంత, 1915 ఆగస్టులో లోన్ పైన్ దగ్గర ఆస్ట్రేలియా వాళ్ళు టర్కీ గ్రెనేడ్లు క్యాచ్ పట్టి తిరిగి విసిరారు, కొందరి చేతులు పోయాయి కూడా.

అదే సంవత్సరం బర్మింగ్‌హామ్ లో విలియం మిల్స్ అనే ఆయన చేసింది మిల్స్ బాంబు. బెల్జియం వాళ్ళ డిజైన్ ఒకటి తీసుకుని బాగుచేశాడు. హవల్దార్ గారు చెప్పిన పిన్ను, లివర్, స్ప్రింగు పద్ధతి ఉందే, దాన్ని నమ్మకంగా పనిచేసేలా చేసి కోట్లలో తయారు చేసింది ఇదే, ఆ యుద్ధంలోనే 7 కోట్ల పైన చేశారు. దీనివల్ల మారింది ఏంటంటే ఒత్తి ముట్టించే పని పోయింది, ఎప్పుడు మొదలవ్వాలో విసిరేవాడి చేతిలో ఉంది. రెండో ప్రపంచ యుద్ధం మొదట్లో దీని ఫ్యూజు 7 సెకన్లు, అది మరీ ఎక్కువైపోయి, అవతలోడికి తీరుబడిగా తిరిగి విసిరే టైమ్ దొరుకుతోందని 1940లో 4 సెకన్లు చేశారు.

ట్రెంచ్ లు జిగ్‌జాగ్ గా తవ్వేవాళ్ళు కదా, ఒక మలుపు అవతల ఏముందో కనపడదు. అందుకని జట్లు ఉండేవి, ముందు బాయినెట్ పట్టుకున్నోళ్ళు, వెనక విసిరేవాళ్ళు, వాళ్ళ వెనక సంచుల్లో గ్రెనేడ్లు మోసేవాళ్ళు. మలుపు అవతలకి గ్రెనేడ్, పేలగానే మనుషులు, మళ్ళీ ఇంకో మలుపు. ఈ విసిరేవాళ్ళని గ్రెనేడియర్ అందామంటే గ్రెనేడియర్ గార్డ్స్ అనే బ్రిటిష్ రెజిమెంట్ వాళ్ళు ఒప్పుకోలేదు, ఆ పేరు మాది అని గొడవ పెట్టారు. నిజంగా గ్రెనేడ్ విసిరేవాడికి ఆ పేరు లేదు, దర్జా పేరు ఉన్నవాడు వదలడు! చివరికి వీళ్ళకి బాంబర్ అని పేరు పెట్టారు.

ముక్కుసూటి:

పాత కాగితాలు గారూ బాగా రాశారు, ఒక విషయం కలుపుతా. మిల్స్ బాంబు మీద గళ్ళు గళ్ళుగా ఉంటాయి కదా చాక్లెట్ బార్ లాగ, అవి ముక్కలు సమానంగా విరగడానికి అని అందరూ అనుకుంటారు. కాదు. మిల్స్ గారి ఉద్దేశం బురద చేతుల్లోంచి జారకుండా పట్టు కోసం. పేలినప్పుడు ఆ గళ్ళ వెంబడి విరగదు, ఎటు పడితే అటు విరుగుతుంది, ఒక్కోసారి పెద్ద పెద్ద పెంకులుగా. అది చేటు, పెద్ద ముక్క ఎక్కడికో పోయి ఎవరికో తగులుతుంది, దగ్గరున్నోడు బతికిపోతాడు. అందుకే తర్వాత అమెరికా వాళ్ళు ఎం26 లో గళ్ళు లోపలికి మార్చారు, లోపల నొక్కులు పెట్టిన తీగ చుట్ట ఉంటుంది, పైన నున్నగా. వియత్నాం యుద్ధం కాలంలో వచ్చిన ఎం67 కూడా పైకి క్రికెట్ బంతి లాగ నున్నగానే ఉంటుంది. బరువు 400 గ్రాములు, 5 మీటర్ల లోపల ఉంటే బతకడం కష్టం, 15 మీటర్ల దాకా గాయపరుస్తుంది, ఒకట్రెండు ముక్కలు 200 మీటర్లు దాటి కూడా పోవచ్చు. మనిషి విసరగలిగేది 35 మీటర్లు. లెక్క చూడండి, విసిరినవాడు కూడా తల దించుకోవాల్సిందే.

ఇక్కడే డిఫెన్సివ్, ఆఫెన్సివ్ అనే తేడా వస్తుంది. ముక్కలు ఎక్కువ వచ్చేది డిఫెన్సివ్, చాటున ఉండి విసరాలి. పల్చటి పెంకుతో, పేలుడు దెబ్బ మీదే ఆధారపడేది ఆఫెన్సివ్, దాన్ని బయట పరిగెడుతూ విసిరినా దాని ముక్కలు మనకే తగిలే భయం తక్కువ. జర్మన్ల కర్ర పిడి గ్రెనేడ్ రెండో రకం. కర్ర వల్ల ఇంకొంచెం దూరం పోతుంది, వాలులో దొర్లి వెనక్కి రాదు, కాకపోతే మోయడం నరకం.

పాత కాగితాలు:

అవును కరెక్ట్, గళ్ళ సంగతి నేను చెప్పి ఉండాల్సింది.

రిటైర్డ్ హవల్దార్:

మేము విసిరిన 36 నెంబర్ ఆ మిల్స్ బాంబు సంతతే బాబూ. 1915 డిజైను, నూరేళ్ళ పైన నడిచింది మన దగ్గర. 2021లో డీఆర్‌డీవో వాళ్ళు డిజైన్ చేసిన మల్టీ మోడ్ గ్రెనేడ్ ఆర్మీకి ఇవ్వడం మొదలైంది. ముక్కుసూటి చెప్పిన రెండు రకాలూ అందులో ఒక్కదాంట్లోనే ఉన్నాయి. నేను అప్పటికే బయటికి వచ్చేశాను, అది విసిరే అదృష్టం నాకు పట్టలేదు.

డ్రోన్ బాబాయ్:

సరే ఇంట్లో దూరినోళ్ళ సంగతి ఒప్పుకుంటా. కానీ బయట యుద్ధంలో? ఆర్‌పీజీ ఉందిగా, రాకెట్ ప్రొపెల్డ్ గ్రెనేడ్, విసిరే బాధ లేదు.

ముక్కుసూటి:

బాబాయ్ ఆర్‌పీజీ అంటే రాకెట్ ప్రొపెల్డ్ గ్రెనేడ్ కాదండీ, అది ఇంగ్లీషు వాళ్ళు తర్వాత అతికించిన అర్థం. అసలు రష్యన్ పేరులో ట్యాంకుల మీద వాడే చేతి గ్రెనేడ్ లాంచర్ అని ఉంటుంది. ఇంకా తమాషా ఏంటంటే రెండో ప్రపంచ యుద్ధంలో ఆర్‌పీజీ-43 అని నిజంగానే చేత్తో విసిరే గ్రెనేడ్ ఉండేది, ట్యాంకు మీదకి విసరాలి, అంటే ట్యాంకుకి పదిహేను ఇరవై మీటర్లలోపు నువ్వు ఉండాలి. అవి విసిరినవాళ్ళ గుండెలకి దణ్ణం.

ఇంక డ్రోన్లు అన్నారు, ఆ వీడియోల్లో డ్రోన్ కింద నుంచి జారవిడిచేది ఏంటో గమనించారా? చాలావాటిలో గ్రెనేడే. లాంచర్లోంచి కొట్టే చిన్న 30 మి.మీ. గుళ్ళు, ఒక్కోసారి మామూలు చేతి గ్రెనేడ్లు. ఎక్కడ పడుతోంది? ట్రెంచ్ లో. 1915లో చెయ్యి చేసిన పనే ఇప్పుడు డ్రోన్ చేస్తోంది, చెయ్యి పొడుగైంది అంతే. ఆ ట్రెంచ్ లోకి దిగి స్వాధీనం చేసుకోవాల్సొస్తే మాత్రం మళ్ళీ మనుషులు, మలుపు మలుపుకీ గ్రెనేడ్. ఆ వీడియోలు కూడా ఉన్నాయి, చూడకపోతేనే మంచిది, నాకు రెండు రోజులు నిద్ర పట్టలేదు.

డ్రోన్ బాబాయ్:

హమ్మ్. సరే, మ్యూజియం మాట వెనక్కి తీసుకుంటున్నా.

సందేహాల సుబ్బడు:

అబ్బ ఎంత తెలిసింది, అందరికీ థాంక్స్. హవల్దార్ గారూ మీ పోస్టు మా తమ్ముడికి చదివి వినిపించా, "ఉత్తిదే అని చెప్పానా లేదా" అని ఎగురుతున్నాడు. ఇంకో చిన్న డౌట్, తోటివాళ్ళని కాపాడ్డానికి గ్రెనేడ్ మీద పడిపోవడం సినిమాల్లో చూపిస్తారు, అది కూడా ఉత్తిదేనా? అలాగే పోలీసులు వాడే వెలుగు చప్పుడు గ్రెనేడ్ వేరేనా?

పాత కాగితాలు:

మీద పడటం మాత్రం నిజం సుబ్బూ, అది సినిమా వాళ్ళు కనిపెట్టింది కాదు. అమెరికా అత్యున్నత సైనిక పతకం మెడల్ ఆఫ్ ఆనర్ వచ్చినవాళ్ళలో ఇలా చేసినవాళ్ళు చాలామంది, ఎక్కువమందికి అది చనిపోయాకే ఇచ్చారు. బతికినవాళ్ళూ ఉన్నారు. జాక్ లూకస్ అని, 14 ఏళ్ళకే అబద్ధం చెప్పి మెరైన్స్ లో చేరాడు, 1945 ఫిబ్రవరిలో జపాన్ దీవి ఇవో జిమాలో 17 ఏళ్ళ వయసులో రెండు గ్రెనేడ్లని తన ఒంటితో కప్పేశాడు, ఒకటి పేలింది ఒకటి పేల్లేదు, ఒళ్ళంతా ఇనుప ముక్కలతో 2008 దాకా బతికాడు.

నాకు ఇంకా గుర్తుండిపోయేది లచ్ఛిమన్ గురుంగ్ కథ. గూర్ఖా, 1945 మేలో బర్మాలో ట్రెంచ్ లో ఉన్నాడు. జపాన్ వాళ్ళ గ్రెనేడ్ ట్రెంచ్ అంచున పడింది, తీసి తిరిగి విసిరాడు. రెండోది సరిగ్గా లోపల పడింది, అదీ విసిరాడు. మూడోది ముందు పడింది, అందుకున్నాడు, చేతిలోనే పేలింది, కుడిచేతి వేళ్ళు పోయాయి, చెయ్యి నుజ్జయింది, ముఖానికీ కాలికీ గాయాలు. ఆ మనిషి ఎడమ చేత్తోనే రైఫిల్ లోడ్ చేసుకుంటూ కాలుస్తూ నాలుగు గంటలు నిలబడ్డాడు. అది బోల్ట్ యాక్షన్ రైఫిల్, ప్రతి తూటాకీ బోల్టు లాగి తొయ్యాలి, ఒక్క చేత్తో. బ్రిటిష్ వాళ్ళ అత్యున్నత సైనిక పతకం విక్టోరియా క్రాస్ వచ్చింది, 2010లో పోయాడు.

రిటైర్డ్ హవల్దార్:

వెలుగు చప్పుడుది వేరే బాబూ, స్టన్ గ్రెనేడ్ అంటారు. ముక్కలు రావు, కళ్ళు బైర్లు కమ్మి చెవులు దిబ్బెళ్ళు పడతాయి కొన్ని సెకన్లు, ఆ కొన్ని సెకన్లలో లోపలికి దూరాలి. బందీలు కూడా గదిలో ఉంటారు కదా, మామూలు గ్రెనేడ్ వేస్తే వాళ్ళూ పోతారు. 1977లో మొగదిషులో హైజాక్ అయిన జర్మన్ విమానం దగ్గర, 1980లో లండన్ ఇరాన్ ఎంబసీలో వాడారు, అప్పట్నుంచే పేరు బయటికొచ్చింది. అయితే అది కూడా బొమ్మ కాదు, చేతిలో పేలితే వేళ్ళు పోతాయి, కర్టెన్లు అంటుకుంటాయి.

మీ తమ్ముడికి చెప్పండి, పళ్ళు జాగ్రత్తగా చూసుకోమని.